వాయిదా ఎవరి చుట్టం?

"కోర్టులో ఏటయింది బావూ?" అంటే మధురవాడ చుట్టుపక్కల మన పేటల్లో వచ్చే జవాబు ఒకటే: "వాయిదా." తాత వేసిన దావాకి మనవడు తిరుగుతున్నాడు. దావా వేసిననాడు ఎకరాల్లో లెక్కపెట్టిన నేలని, కొండమీద ఐటీ కంపెనీలు, పోతినమల్లయ్యపాలెంలో క్రికెట్ స్టేడియం వచ్చాక గజాల్లో కొలుస్తున్నారు.

వాయిదా ఇద్దరికీ సమానమే గదా అంటారు. ఎట్లా సమానం? నేల ఎవడి చేతిలో ఉంటే వాయిదా వాడికి చుట్టం. వాడు ఈలోగా పంట తింటాడు, ప్రహరీ కడతాడు, ప్లాట్లు వేసి అమ్ముతాడు. మనవాడు కూలి పోగొట్టుకుని, బస్సు చార్జీ పెట్టుకుని, చెట్టుకింద సాయంత్రందాకా కూచుని ఇంకో తారీఖు రాయించుకొస్తాడు. ఆలస్యం కోర్టుకి జబ్బు కావచ్చు, కబ్జాదారుకి మాత్రం అది ఆయుధం.

పై కోర్టులకు ఇది తెలియదా? తెలుసు. 1999లోనూ 2002లోనూ సివిల్ ప్రొసీజర్ కోడ్‌ని సవరించారు. ప్రతివాది 30 రోజుల్లో, మహా అయితే 90 రోజుల్లో జవాబు దాఖలు చెయ్యాలి. విచారణలో ఒక పక్షానికి మూడుకు మించి వాయిదాలు ఇవ్వకూడదు. 2005లో సుప్రీంకోర్టు ఈ సవరణలు చెల్లుతాయంటూనే, తప్పనిసరి పరిస్థితుల్లో గడువు దాటవచ్చని ఒక కిటికీ తెరిచింది. ఆ కిటికీ ఇప్పుడు సింహద్వారం అయిపోయింది.

ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికెళ్ళి ఏడ్చాడని మన పెద్దల సామెత. డిక్రీ కాగితం చేతికొస్తుంది, నేల రాదు. దాన్ని అమలు చేయించడానికి మళ్ళీ ఈపీ వెయ్యాలి. ఈపీని ఆరు నెలల్లో ముగించాలని 2021 ఏప్రిల్ 22న సుప్రీంకోర్టు చెప్పింది. ఎవరు విన్నారు? 1986లో వేసిన ఒక తమిళనాడు దావా 2025 దాకా నడిచింది. ఆ ఏడాది మార్చి 6న దాని మీద తీర్పు చెబుతూ, హైకోర్టులన్నీ కింది కోర్టుల్లో పెండింగు ఈపీల లెక్క తీయించి ఆరు నెలల్లో తేల్పించాలని ఆదేశించింది. అక్టోబరులో లెక్క వచ్చింది: ముగిసినవి 3 లక్షల 38 వేల పైన, మిగిలినవి 8 లక్షల 82 వేల పైన. హైకోర్టులకు ఇంకో ఆరు నెలలు గడువిచ్చారు. వాయిదాలు ఆపమన్న ఆదేశానికీ వాయిదాయే!

అయినా ఆ ఆదేశాలు దండగని మేము అనం. మూడు లక్షల ఫైళ్ళు కదిలాయంటే అడిగేవాడుంటే కదులుతాయనేగా! కానీ ప్లీడరుకి ఫీజు కట్టలేక మనవాడు గడువు తప్పితే, అదే గడువు మన మెడకి చుట్టుకుంటుంది. అందుకే అడగడం నేర్చుకోవాలి.

ప్రతి వాయిదా తారీఖున ఎవరడిగారు, ఏ కారణం చెప్పారు అన్నది నోటు పుస్తకంలో రాసుకోండి. చదువురాకపోతే బడికెళ్ళే పిల్లల చేత రాయించండి. అవతలివాడు మూడోసారి దాటితే అభ్యంతరం రాతపూర్వకంగా ఇమ్మని, ఖర్చులు కట్టించమని మీ ప్లీడర్ని అడగండి. 1987 న్యాయసేవల చట్టం ప్రకారం షెడ్యూల్డ్ కులాలవారికి ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా ప్లీడర్ని ఇవ్వాలి. జిల్లా న్యాయసేవాధికార సంస్థలో దరఖాస్తు పెట్టండి. నేల స్వాధీనం డిక్రీ వచ్చాక 12 ఏళ్ళలోపు ఈపీ వెయ్యకపోతే ఆ డిక్రీ చిత్తుకాగితమే, పెట్టెలో దాచుకోకండి. లోక్ అదాలత్‌లో రాజీ అంటే పేటలో నలుగురితో మాట్లాడకుండా వేలిముద్ర వెయ్యకండి. దాని మీద అప్పీలు ఉండదు.

ప్రభుత్వాన్నీ వదలొద్దు. పైనుంచి ఆజ్ఞలొస్తే చాలదు. కింద కోర్టులో జడ్జి కుర్చీ ఖాళీగా ఉంటే, డిక్రీ అమలు చేసే అమీనా లేకపోతే ఆరు నెలలన్నది కాగితం మీద మాటే.

న్యాయం ఆలస్యమైతే నష్టం అందరికీ కాదు, నేల లేనివాడికే. అందుకే ఆ ఆలస్యానికి లెక్క అడగాల్సిందీ మనమే.