గల్లీకీ ఒక పర్దా ఉంటుంది

జపాన్ నుంచి వచ్చినప్పటి నుంచి దోస్తులు అడిగే సవాల్ ఒకటే: "ఏం చూసొచ్చావ్ మియా?" బుల్లెట్ ట్రైన్ అంటే ఖుష్ అవుతారు. క్యోటోలో ఓ పొద్దుటి పూట సైకిల్ మీద గల్లీలు తిరిగొచ్చానంటే మాత్రం మొహం అదోలా పెడతారు. "గల్లీలు చూడ్డానికి అంత దూరం పోవాల్నా? మన షాలిబండలో లేవా?"

ఉన్నాయి. నేను పుట్టి పెరిగింది అలాంటి గల్లీలోనే. అందుకే ఈ నాలుగు మాటలు రాయాలనిపించింది.

బావమరిది ఒసాకాలో నౌకరీ చేస్తున్నాడు. నిరుడు నవంబర్‌లో బేగం, బిడ్డ, నేను పోయి అతనింట్లో మెహమాన్లమయ్యాం. అక్కణ్ణుంచి క్యోటో రైల్లో అరగంట ప్రయాణం. మొదటి రోజు అందరిలాగే పెద్ద పెద్ద ఆలయాల వైపు బస్సెక్కాం. ఆకులు ఎర్రబడే మౌసమ్ కదా, బస్సు కిక్కిరిసిపోయింది. సూట్‌కేసులు, బ్యాక్‌ప్యాకులు. ఓ స్టాపులో చేతికర్ర పట్టుకుని నిలబడ్డ ముసలాయన లోపలికోసారి చూసి, వెనక్కి తగ్గాడు. బస్సు ఆయన్ని వదిలేసి కదిలింది. ఆయన సీట్లో నేను కూర్చున్నాననిపించి ఆ రోజంతా మనసు కుదుటపడలేదు. ఈ రద్దీ తట్టుకోలేకే అక్కడి నగరపాలిక 2023లో బస్సుల ఒక రోజు పాస్ అమ్మకం ఆపేసిందని తర్వాత తెలిసింది.

మర్నాడు బావమరిది సలహా మీద ఓ సైకిల్ టూర్‌లో చేరాం. ఆరుగురం టూరిస్టులం, ఒక గైడ్. అరవై దాటిన మనిషి. సన్నగా, నెమ్మదిగా, ఇంగ్లీషులో ఆచితూచి మాట్లాడతాడు. బయల్దేరే ముందు ఆయన చెప్పిన షరతులు నాకింకా యాదున్నాయి. ఒకరి వెనక ఒకరు పోవాలి. మనలాగే అక్కడా ఎడమ పక్కనే నడపాలి. చేతిలో ఫోన్ ఉండకూడదు. సైకిల్ ఎక్కడపడితే అక్కడ నిలపకూడదు, ఎత్తుకుపోతారు. ఆఖరున బెల్లు మీద వేలు పెట్టి చూపిస్తూ అన్నాడు: "ఇది ఉంది. కానీ కొట్టకండి. ముందు ఎవరైనా నడుస్తుంటే వాళ్లు జరిగేదాకా మనం ఆగుదాం."

హైదరాబాద్‌లో హారన్ లేకుండా గడప దాటని నాకు ఆ మాట అజీబ్‌గా తోచింది. అక్కడి కానూన్ కూడా అదేనట. బెల్లు ప్రమాదం తప్పించడానికే గానీ మనిషిని పక్కకు జరపడానికి కాదు.

క్యోటో 794లో కట్టిన పాయ్‌తఖ్త్. చీనా రాజధాని చాంగాన్‌ను నమూనాగా పెట్టుకుని గీతలు గీసినట్టు నిలువు, అడ్డం వీధులు వేశారు. 1868 తర్వాత చక్రవర్తి దర్బారు టోక్యోకు తరలిపోయేదాకా వెయ్యేళ్లకు పైగా అదే రాజధాని. పెద్ద రోడ్లు ఆ లెక్క ప్రకారమే ఉంటాయి. అసలు జిందగీ మాత్రం వాటి మధ్య దూరిన సన్న గల్లీల్లో ఉంది. అటూ ఇటూ దారి ఉన్న గల్లీని 'జుషి' అంటారు. ఓ చివర మూసుకుపోయినదాన్ని 'రోజి' అంటారు. కొన్ని రోజిల మొదట్లో పైన, లోపల కాపురముండే వాళ్ల పేర్లు రాసిన చెక్క పలకలు వరసగా కొట్టి ఉంటాయి. ఆ పలకలు చూస్తే చాలు, ఇది సర్కారీ సడక్ కాదు, కొన్ని ఇళ్లు కలిసి వాడుకునే వాకిలి అని అర్థమైపోతుంది.

గైడ్ మమ్మల్ని నిషిజిన్ అనే మొహల్లాకు తీసుకుపోయాడు. నిషిజిన్ అంటే పడమటి ఛావనీ. 1467 నుంచి 1477 దాకా సాగిన ఓనిన్ యుద్ధంలో పడమటి ఫౌజు అక్కడ దిగిందట. ఊరు చాలా మటుకు కాలిపోయింది. జంగ్ ముగిశాక నేతగాళ్లు తిరిగొచ్చి ఆ ఛావనీ జాగాలోనే మగ్గాలు పెట్టుకున్నారు. ఒకప్పుడు మొహల్లా అంతా మగ్గాల చప్పుడేనట. ఇప్పుడు అక్కడక్కడా వినిపిస్తుంది. మూసిన తలుపు వెనక నుంచి టక్, టక్ అని వినబడగానే పోచంపల్లి గుర్తొచ్చి బేగం సైకిల్ దిగి నిలబడిపోయింది. రెండో ప్రపంచ యుద్ధంలో క్యోటో అణుబాంబు జాబితాలో ఉంది. అమెరికా యుద్ధ మంత్రి హెన్రీ స్టిమ్సన్ పట్టుబట్టి ఆ పేరు తీయించాడు. తర్వాత ఆ జాబితాలోకి నాగసాకి వచ్చి చేరింది. అంతమాత్రాన ఈ ఊరు పూర్తిగా తప్పించుకోలేదు. 1945 జూన్‌లో ఇదే నిషిజిన్‌లో మామూలు బాంబులు పడి మనుషులు పోయారు. మేం ఫొటోల్లో చూసి "ఎంత సుకూన్!" అనుకునే గల్లీ ఇంత చూసింది.

ఇళ్లు కర్రవి. ముందు నుంచి ఇరుగ్గా, లోపలికి పొడుగ్గా ఉంటాయి. వాటిని 'పాముచేప పడక' అని నవ్వుతూ పిలుచుకుంటారు. వీధి వైపు కిటికీలకు సన్నని చెక్క జాలీలు. లోపలున్న వాళ్లకు బయటంతా కనబడుతుంది, బయటున్న వాళ్లకు లోపల ఏమీ కనబడదు. దుకాణాల గుమ్మాలకు 'నోరెన్' అనే చీలికల పర్దాలు. అవి చూడగానే నానీమా ఇంటి చిల్మన్ కళ్ల ముందు మెదిలింది. చూపుకు హద్దు గీయడం మనకు మాత్రమే తెలిసిన విద్య కాదన్నమాట.

ప్రతి ఇంటి ముందూ ఎవరో ఒకరు చీపురుతో ఆకులు ఊడుస్తున్నారు. గైడ్ ఒక సంగతి చెప్పాడు. తమ ఇంటి ముందు ఊడ్చాక పొరుగు వాళ్ల వైపు కూడా ఒక అడుగు మేర ఊడవడం ఇక్కడి రివాజు. అసలు ఊడవకపోతే పొరుగువాళ్లతో సంబంధం లేనట్టు. మొత్తం ఊడిస్తే వాళ్లను షర్మిందా చేసినట్టు. అందుకే ఒక్క అడుగు. పడోసీ హక్ గురించి నేను చాలా తఖ్రీర్లు విన్నాను. చీపురుతో కొలిచి చూపించింది మాత్రం ఆ గల్లీ.

అక్కడే తప్పు చేశాను. ఓ పెద్దావిడ వంగి ఊడుస్తోంది. వెనక నల్లబడిన చెక్క గోడ, పక్కన నిప్పంటుకుంటే వాడటానికి నీళ్లు నింపి పెట్టిన ఎర్ర బకెట్. ఇరవై ఏళ్ల అఖ్బారు నౌకరీ నా చేతికి అలవాటు చేసిన పని ఒకటుంది. ఫోన్ దానంతటదే పైకి లేచింది. బేగం "రహెనే దీజియే జీ" అంటూనే ఉంది, క్లిక్ అయిపోయింది. పెద్దావిడ తలెత్తి చూసింది. ఏమీ అనలేదు. చీపురు గోడకు ఆనించి లోపలికెళ్లి తలుపు వేసుకుంది. సగం ఊడ్చిన ఆకులు అక్కడే ఉండిపోయాయి.

గైడ్ నన్ను కసురుకోలేదు. మూసిన తలుపు ముందుకెళ్లి నడుం వంచి నిలబడ్డాడు. తర్వాత నా దగ్గరికొచ్చి, "నేను రేపు కూడా ఈ దారినే రావాలి" అన్నాడు. అంతే. నేను ఫొటో తీసేసి ఆయనకు చూపించాను. బిడ్డ నా మొహం వంక చూడలేదు.

నాకు మా అమ్మీ గుర్తొచ్చింది. నేను ఉర్దూ మీడియం బడిలో ఏడో ఎనిమిదో జమాత్‌లో ఉన్నప్పటి సంగతి. అసర్ తర్వాత అమ్మీ టాట్ పర్దా కాస్త పక్కకు జరిపి, గడప మీద కూర్చుని బియ్యం ఏరుకునేది. రోజు మొత్తంలో ఆమెకు గాలి, వెలుతురు దొరికేది ఆ కాసేపే. ఒక రోజు మెడలో కెమెరా వేసుకున్న ఓ సాహెబ్ చార్మినార్ వైపు నుంచి వచ్చాడు, ఫొటో తీసుకుని నవ్వి వెళ్లిపోయాడు. కొన్ని నెలల తర్వాత ఎవరో ఓ పత్రిక తెచ్చి అబ్బాకు చూపించారు. ఫొటో బాగుంది. కింద పాతబస్తీ పేదరికం గురించి ఏదో రాసి ఉంది. అబ్బా కోప్పడలేదు. పర్దాకు కింద ఒక కర్ర కుట్టించాడు, గాలికి లేవకుండా. అమ్మీ మళ్లీ గడప మీద కూర్చోలేదు. "అబ్ చౌఖట్ భీ అప్నీ నై రహీ" అంది ఒక్కసారే. ఇక గడప కూడా మనది కాకుండా పోయింది అని.

ఇప్పుడు ఆ సాహెబ్ పని నేను చేసొచ్చాను.

నా రాయ్ సూటిగా చెబుతాను. ఖామోష్ గల్లీ అనేది కుదరత్ ఇచ్చిన కొండో జలపాతమో కాదు. అక్కడుండే వాళ్లు రోజూ చీపురుతో, తగ్గించిన గొంతుతో, మోగించని బెల్లుతో తయారు చేసుకునే చీజ్. మనం టికెట్ కొనుక్కుని చూడ్డానికి పోయేది వాళ్ల మెహనత్‌ను. దాన్ని వాడుకుని, పాడు చేసి వచ్చే హక్ టికెట్‌తో రాదు. క్యోటోలోనే గియోన్ అనే పేటలో గేయిషాల వెంటపడి ఫొటోలు తీసే వాళ్లతో వేగలేక మొహల్లా వాళ్లు 2019లో ప్రైవేటు గల్లీల్లో ఫొటోలు వద్దన్నారు. ఆగలేదు. 2024లో కొన్ని గల్లీల్లోకి టూరిస్టులు అసలు రావొద్దని, వస్తే పది వేల యెన్‌ల జుర్మానా అని బోర్డు పెట్టారు. మెహమాన్‌కు తలుపు మూయాల్సి రావడం ఏ మేజ్బాన్‌కూ సరదా కాదు.

"టూరిస్టులతోనే కదా వాళ్ల రోజీ రోటీ?" అంటారు. నిజమే. ఆ గైడ్‌కు కూడా మా పైసలే రోజీ. అలాగని ఆకులు ఊడ్చే పెద్దావిడ ఏ టూర్ కంపెనీలోనూ వాటాదారు కాదు. లాభం పెద్ద రోడ్డు మీదుంటుంది, తక్లీఫ్ గల్లీలో ఉంటుంది. ఇంకో మాట కూడా ఒప్పుకోవాలి. గల్లీ నిశ్శబ్దంగా ఉందని అందరికీ చెబితే అది నిశ్శబ్దంగా మిగలదు. ఈ రాత కూడా ఆ తప్పులో భాగమే కావొచ్చు.

అయినా పోవద్దని అనను. చూడ్డమే గునాహ్ అయితే లోకంలో ఒకరికొకరం ఎప్పటికీ తెలియం. పోతే ఇలా పోవడం మేలంటాను. నలుగురైదుగురు. బస్సు కాదు, సైకిలో కాళ్లో. ముందు ఆ ఊరి మనిషి ఒకడు ఉండాలి. దారి చూపడానికి కాదు, దారి ఫోన్ కూడా చూపిస్తుంది. గైడ్ అంటే జమానత్. మన తరఫున ఆయన పూచీ పడుతున్నాడు, మనం చేసిన బద్‌తమీజీకి రేపు ఆయన తల వంచాలి. నలభై మందిని వెంటేసుకుని మైకులో అరిచే వాణ్ణి కాకుండా, మూసిన తలుపు ముందు ఆగే వాణ్ణి వెతుక్కోండి. రోజి మొదట్లో పేర్ల పలక కనబడితే సైకిల్ దిగండి. తలుపు వేసుకున్న వాళ్లను, తలుపు తీసి ఉన్న వాళ్లను కూడా ఫొటో తీయకండి. పిల్లలకు ఇది ముందే చెప్పండి. నా బిడ్డకు నేను చెప్పనక్కర్లేకపోయింది, ఆమెకు నాకన్నా ముందే తెలుసు.

ఇదే మాట మన ఊరికీ అంటాను. రంజాన్ రాత్రులు కెమెరాలు భుజానేసుకుని చార్మినార్ పక్క గల్లీల్లోకి దూరే వాళ్లలో ఇప్పుడు బయటి సాహెబ్‌లే కాదు, మన పోరగాళ్లూ ఉన్నారు. ఇఫ్తార్‌కు కూర్చున్న ముసలాయన నోట్లో ఖర్జూరం పెట్టుకునే క్షణం కోసం ఫోన్ ఎదురుచూస్తుంటుంది. హలీం బట్టీ తీయండి, మీనార్ తీయండి. మనిషినైతే అడిగి తీయండి. వద్దంటే సలాం చెప్పి కదలండి.

ఆ రోజు టూర్ ముగిశాక గైడ్ సైకిళ్లు వరసగా పెడుతుంటే నేను మాఫీ అడిగాను. ఆయన నవ్వి, "రేపు పొద్దున ఆ ఇంటి ముందు కాసేపు ఆగి పలకరిస్తాను" అన్నాడు. ఆ తలుపు మళ్లీ తెరుచుకుందో లేదో నాకు తెలియదు. మా అమ్మీ గడప సంగతి మాత్రం తెలుసు.