ఊరికే వినిపించే సంగీతం

“ఊరికే వచ్చినదానికి విలువ ఉండదు” అన్న మాట మనవాళ్ళలో ఏనాడో సామెత అయి కూర్చుంది. విశ్వవిద్యాలయాల కళాసంగ్రహాలయాలలో మధ్యాహ్న భోజనవేళ జరిగే ఉచిత సంగీత కచేరీల ప్రస్తావన వచ్చినప్పుడల్లా ఈ మాట నా చెవిన పడుతూనే ఉంది. పది పౌండ్ల టికెట్టు పెడితే జనం శ్రద్ధగా వింటారట. ఊరికే రానిస్తే వాన తప్పించుకోవడానికి వచ్చి కూర్చుంటారట. ఈ వాదం నాకు రుచించదు. రుచించకపోవడం అటుంచి, ఇది వాస్తవం కాదని నా నమ్మకం.

నేను ఏ కచేరీలను దృష్టిలో పెట్టుకుని మాట్లాడుతున్నానో ముందు చెప్పాలి. కేంబ్రిడ్జిలో కెటిల్స్ యార్డ్ అని ఒక ఇల్లుంది. సంగ్రహాలయమే, కాని చూడడానికి ఇల్లే. లండను టేట్ గ్యాలరీలో క్యూరేటరుగా పనిచేసిన జిమ్ ఈడ్ 1950ల చివర్లో నాలుగు పాత కుటీరాలను కలిపి ఈ ఇంటిని రూపొందించుకున్నాడు. బెన్ నికల్సన్, ఆల్ఫ్రెడ్ వాలిస్, మిరో వంటివారి చిత్రాలు, గోదియే బ్జెస్కా శిల్పాలు అందులో ఉన్నాయి. వాటితో సమానమైన మర్యాద అక్కడ గులకరాళ్ళకూ దక్కింది. గుండ్రటి రాళ్ళు పెద్దదాని నుంచి చిన్నదాని దాకా ఒక బల్లమీద చుట్ట తిరిగి ఉంటాయి. మిరో చిత్రంలోని పసుపు చుక్కకు జవాబు అన్నట్టు ఒక పళ్ళెంలో ఒకే ఒక నిమ్మపండు. ఈడ్ మధ్యాహ్నం పూట తలుపు తెరిచి ఉంచేవాడు. విద్యార్థులెవరైనా గంట మోగించి లోపలికి రావచ్చు, కుర్చీలో కూర్చోవచ్చు. బొమ్మల్లో కొన్నింటిని తమ గదులకు అరువు తీసుకుపోవచ్చు కూడా. 1966లో ఆ ఇంటిని, అందులోని సమస్తంతో సహా, విశ్వవిద్యాలయానికి ఇచ్చేశాడు. 1970లో కొత్తగా కట్టిన భాగం జాక్లీన్ డు ప్రే, డేనియల్ బారెన్‌బోయిమ్‌ల కచేరీతో ప్రారంభమయింది. తరువాతి కాలంలో, చదువులు సాగే రోజుల్లో శుక్రవారం మధ్యాహ్నం ఒంటిగంట దాటాక విద్యార్థులు ఉచితంగా కచేరీలు చేయడం ఆ ఇంటి ఆనవాయితీ అయింది. ముప్పావుగంటలోపే అయిపోతుంది. తిరిగి పనిలోకి వెళ్ళవచ్చు.

అక్కడ ఎత్తయిన వేదిక లేదు, తెర లేదు. సెల్లో వాయించే అమ్మాయి విల్లు ఎత్తే ముందు ఊపిరి పీల్చుకోవడం కూడా వినిపిస్తుంది. వినేవాడు చొక్కా జేబులో ఫోను తడుముకుంటే అది అందరికీ కనిపిస్తుంది. ఆ గదిలోని నిశ్శబ్దం ఆ అమరిక వల్ల వచ్చినది. దానిని పది పౌండ్లకు ఎవరూ అమ్మలేరు.

టికెట్టుకూ శ్రద్ధకూ సంబంధం ఎంతమాత్రమో తెలుసుకోవడానికి మనం ఇంగ్లండు దాకా పోనక్కరలేదు. మదరాసు డిసెంబరు కచేరీలకు ఒక్కసారైనా వెళ్ళివచ్చిన తెలుగువారికి ఈ సంగతి తెలుసు. సాయంకాలపు పెద్ద కచేరీలో, ఖరీదైన వరుసలో కూర్చున్న పెద్దమనుషులే తని ఆవర్తనం మొదలుకాగానే కండువాలు సవరించుకుని క్యాంటీను వైపు బయలుదేరతారు. మృదంగ విద్వాంసుడు జీవితమంతా సాధన చేసినదానిని వాళ్ళ వీపులకు వినిపించాలి. డబ్బిచ్చినవాడికి తన కుర్చీతోపాటు లేచిపోయే హక్కునూ కొనుక్కున్నాననే ధీమా ఉంటుంది కాబోలు. అదే సభల్లో మధ్యాహ్నపు కచేరీలు చాలావరకు ఉచితం, పాడేవారు కుర్రవాళ్ళు. నిజమే, సగం కుర్చీలు ఖాళీ. అయితే ఆ ఖాళీకి కారణం ఉచితం కావడమేనా? మధ్యాహ్నపు కచేరీ అంటే సాయంత్రానికి ఎక్కవలసిన మెట్టు మాత్రమేనని నిర్వాహకులూ, రసికులూ, చివరికి పాడేవాళ్ళూ ఒప్పేసుకున్నారు. మెట్టు మీద ఎవరు కూర్చుంటారు? కెటిల్స్ యార్డ్‌లో ఆ మధ్యాహ్నం మరి దేనికీ మెట్టు కాదు. తేడా అక్కడుంది.

మైరా హెస్ మాత్రం డబ్బు పుచ్చుకోలేదా అని నన్ను నిలదీయబోయేవారికి ముందే జవాబు చెబుతాను. 1939లో యుద్ధం రాగానే లండనులో కచేరీ హాళ్ళు మూతపడ్డాయి. నేషనల్ గ్యాలరీలోని చిత్రాలను వేల్సుకు తరలించారు, గోడలు బోసిపోయాయి. పియానో విద్వాంసురాలు మైరా హెస్ అక్కడి డైరెక్టరు కెనెత్ క్లార్క్‌ను అడిగి, ఆ ఖాళీ గదుల్లో మధ్యాహ్నపు కచేరీలు మొదలుపెట్టింది. ఆ ఏడాది అక్టోబరు 10న మొదలైనవి 1946 ఏప్రిల్ వరకు సాగాయి. మొత్తం 1,698 కచేరీలు. ఎనిమిది లక్షల మందికి పైగా విన్నారు. బాంబులు పడే రోజుల్లో కింది అంతస్తులోకి మారారే కాని మానలేదు. ప్రవేశ రుసుము ఒక షిల్లింగు, అంటే పౌనులో ఇరవయ్యో వంతు. అందరికీ అదే షిల్లింగు. మిగిలిన సొమ్ము సంగీతకారుల సహాయనిధికి పోయేది. విద్వాంసులకు, ఎంతటి పేరున్నవారికైనా, ఒకటే పారితోషికం: ఐదు గినీలు. హెస్ తాను మాత్రం పైసా ముట్టలేదు.

ఆ షిల్లింగును చూపించి నేటి టికెట్టును సమర్థించుకునేవారు ఐదు గినీల సంగతి ఎత్తరు! నేను పట్టుబట్టేది అంకెలో సున్నా గురించి కాదు. ఎన్నడూ ఈ సంగీతం వినని మనిషి, తనకు నచ్చుతుందో లేదో తెలియని మనిషి, ఆలోచించకుండా లోపలికి అడుగు పెట్టగలగాలి. నచ్చకపోతే నష్టపోయింది ముప్పావుగంటే అనుకోగలగాలి. తెలిసినవాడు టికెట్టు ఎలాగూ కొంటాడు. టికెట్టు వడపోసేది తెలియనివాడినే.

ఇక ఎదుటివారి వాదంలో బలమైనది ఒకటుంది, దానిని దాటవేయడం న్యాయం కాదు. శుక్రవారం మధ్యాహ్నం ఒంటిగంటకు రాగలిగేది ఎవరు? విశ్రాంత ఉద్యోగులూ, విద్యార్థులూ, మధ్యాహ్నం మీద తమకు హక్కున్న కొద్దిమందీ. గిడ్డంగిలో షిఫ్టు చేసేవాడు రాలేడు. ఈ మాట నిజమే. కాని టికెట్టు పెడితే అతడు వస్తాడా? వేళ మార్చండి, వారంలో ఒకటి సాయంత్రం పెట్టండి, నేను కాదనను. ఇకపోతే, వచ్చేవాళ్ళంతా తల నెరిసినవాళ్ళే అన్న ఎగతాళి. ముసలివాళ్ళ చెవులు చెవులు కావా? దానికి ఇంతకంటె జవాబు అనవసరం.

ఖర్చు ఎవరు భరించాలన్నదే అసలు ప్రశ్న. నా జవాబు సూటిగా, విశ్వవిద్యాలయమే. బర్మింగ్‌హామ్‌లో బార్బర్ ఇన్‌స్టిట్యూట్ ఉంది. లేడీ బార్బర్ 1932లో భర్త జ్ఞాపకార్థం స్థాపించినప్పుడే చిత్రకళతో పాటు సంగీతాన్నీ ప్రోత్సహించాలని ఆశయంగా పెట్టింది. అందుకే రాబర్ట్ అట్కిన్సన్ గీసిన ఆ భవనంలో నడిబొడ్డున సంగీతశాల, దాని చుట్టూ చిత్రశాలలు వచ్చాయి. 1939లో తెరిచారు. సంగీతం అక్కడ చుట్టపుచూపుగా వచ్చినది కాదు, కట్టడంలోనే ఉన్నది. బొమ్మలకు దీపాలు వెలిగించడం, గది తేమను సరిచూడడం, కాపలాకు మనిషిని పెట్టడం ఖర్చులు కావనీ, పియానోకు శ్రుతి చేయించడం మాత్రం దుబారా అనీ లెక్క వేసే పద్దు నాకు అర్థం కాదు.

ఆ పద్దులు ఎటు పోతున్నాయో తెలుస్తూనే ఉంది. ఆక్స్‌ఫర్డ్ బ్రూక్స్ విశ్వవిద్యాలయం 2023లో సంగీతం, గణితం కోర్సులను నిలిపివేయబోతున్నట్టు ప్రకటించింది. సంగీత విద్యార్థులే లేనిచోట మధ్యాహ్నపు కచేరీ ఎవరిస్తారు? రాబడి రాని వాటి మీదే మొదట కత్తెర పడుతుంది కాబట్టి ముందే టికెట్టు పెట్టి బ్రతికించుకుందాం అంటారు కొందరు మంచివాళ్ళు. ఆ మంచివాళ్ళతోనే నా తగవు. చిన్న గదిలో యాభై అరవై మంది వచ్చే కచేరీకి టికెట్టు పెడితే వచ్చే సొమ్ము ఏ శాఖనూ నిలబెట్టదు. పైగా, ఇది రాబడి చూపించవలసిన వస్తువే అని ఒప్పుకున్నట్టవుతుంది. వచ్చే ఏడు అదే లెక్క చూపించి మూసేస్తారు.

నా మటుకు నేను ఒక్క మార్పు కోరుకుంటాను. వాయించే విద్యార్థికి డబ్బివ్వాలి. అనుభవం వస్తుంది కదా, చాలదా అనడం పని చేయించుకుని ఆశీర్వదించి పంపడమే. వినేవాడికి ఉచితం కావడమంటే వాయించేవాడి జేబులోంచి పెట్టించడం కాదు. యుద్ధకాలంలో, నగరం మీద బాంబులు పడుతుండగా, ఐదు గినీలు లెక్కపెట్టి ఇవ్వగలిగారు.