ఓడినోడికి వచ్చే ఆదివారం ఉండాలి

 పోస్టు పెద్దగానే ఉంటది, ఓపిక చేసుకుని చదవండి.

సెర్బియా ఫుట్‌బాల్ గురించి రాస్తున్నా. అందులోనూ టీవీలో వచ్చే రెడ్ స్టార్, పార్టిజాన్ గురించి కాకుండా, ఎవరూ చూడని మూడో మెట్టు లీగు గురించి. మన గ్రూపులో దీనికేం పని అంటారేమో. ఉంది. మనకి ఆటగాళ్ళు లేక కాదు, సీజన్ లేక వెనకబడ్డాం అని నా అభిప్రాయం. సీజన్ అంటే ఏంటో నాకు అర్థమయింది ఆ చిన్న లీగుల పట్టికలు రెండేళ్ళుగా ఫోన్‌లో చూడబట్టే. హాస్టల్‌లో అందరూ ఐపీఎల్ స్కోరు చూస్తుంటే నేను లజారెవాట్స్ అనే బొగ్గు ఊరి స్కోరు చూస్తుంటా. పిచ్చోడంటారు, అననీ.

ముందు అక్కడి మెట్లు చెప్తా. అన్నిటికన్నా పైన సూపర్ లీగా. దాని కింద ప్రవా లీగా. ఈ రెండూ దేశం మొత్తానికి. మూడో మెట్టు దగ్గర దేశం నాలుగు ముక్కలవుద్ది: బెల్‌గ్రేడ్, వొయ్‌వొదీనా, పడమర, తూర్పు. దీన్ని సర్ప్‌స్కా లీగా అంటారు. నాలుగు ప్రాంతాల సంఘాలే నాలుగు గ్రూపుల్ని నడుపుతాయి. దాని కింద జోన్ లీగులు, దాని కింద జిల్లా లీగులు, ఇంకా కిందికి పోతే మన మండలం లాంటి చోట్ల కూడా లీగు. 2022 జనాభా లెక్కల్లో ఆ దేశం మొత్తం 66 లక్షల చిల్లర మంది. మన హైదరాబాద్ సిటీ కంటే తక్కువ. అంత చిన్న దేశంలో ఒక పల్లెటూరి జట్టుకి కూడా పై దాకా పోయే దారి కాగితం మీద ఉంది. ప్రతి ఏడూ గెలుచుకుంటూ పోతే చాలు. ఎవరి రికమండేషనూ అక్కర్లేదు.

సీజన్ ఎట్లా నడుస్తదో చూడండి. ఒక గ్రూపులో పదహారు జట్లు ఉన్నాయనుకోండి. ప్రతి జట్టూ మిగతా పదిహేనింటితో ఒకసారి సొంతూళ్ళో, ఒకసారి వాళ్ళ ఊళ్ళో ఆడాలి. అంటే 30 మ్యాచ్‌లు. ఆగస్టులో మొదలవుద్ది. సగం అయ్యేసరికి మంచు పడుద్ది, రెండు మూడు నెలలు ఆపేస్తారు. వసంతంలో మళ్ళీ మొదలుపెట్టి ఎండాకాలం వచ్చేలోపు ముగిస్తారు. కింది మెట్ల గ్రౌండ్లలో చాలా వాటికి లైట్లుండవు. అందుకని పొద్దు తగ్గేకొద్దీ ఆట టైం ముందుకి జరుగుద్ది, నవంబర్ వచ్చేసరికి మధ్యాహ్నం ఒంటిగంటకే మొదలు. చూడటానికి వచ్చేది వందల్లోనే. గోల్ వెనక ఎవరిదో ఇల్లు, పక్కన చేను. అయినా జెర్సీ నంబర్లుంటాయి, రిఫరీ ఉంటాడు, ఆదివారం రాత్రికి పట్టిక మారుద్ది. గెలిస్తే మూడు పాయింట్లు, సమానమైతే ఒకటి. ఓడినోడికి సున్నా, కానీ వచ్చే వారం ఇంకో మ్యాచ్.

నాకు అన్నిటికన్నా నచ్చింది పట్టిక కింది సగం. మొదటి స్థానంలో ఎవరున్నారో ఎవరైనా చూస్తారు. ఇక్కడ పన్నెండో స్థానం వాడికి కూడా ఆఖరి వారం దాకా నిద్ర ఉండదు. ఎందుకంటే రెండో మెట్టు నుంచి ఈ ప్రాంతం జట్లు ఎన్ని కిందికి వస్తాయో దాన్ని బట్టి, ఇక్కడి నుంచి ఎన్ని కిందికి పోవాలో తేలుద్ది. ఎక్కడో రెండొందల కిలోమీటర్ల దూరంలో ఎవరో ఓడిపోతే ఈ ఊరి జట్టు మునగొచ్చు. కరోనా ఏడాది పై లీగులో ఎవర్నీ కిందికి తోయలేదు. దాంతో 2020–21లో సూపర్ లీగా 20 జట్లయింది. ఏడాది చివర ఒకేసారి ఆరు జట్లు కిందపడ్డాయి. పైన చెరువు పొంగితే కింద కుంటలకి ఏమవుద్దో మనకి తెలుసు కదా.

క్లబ్బుల పేర్లు చదువుతుంటే భలే ఉంటాయి. రాద్నీచ్‌కి అంటే కార్మికులది. రుదార్ అంటే గని కార్మికుడు. జెలెజ్నిచార్ అంటే రైల్వే కూలీ. మెటాలట్స్, టెక్స్‌టిలట్స్ అంటే ఇనుము పనోళ్ళు, బట్టల మిల్లోళ్ళు. యెదీన్‌స్త్వో అంటే ఐక్యత. మన టోర్నమెంట్లలో జట్ల పేర్లు చూడండి: లయన్స్, టైగర్స్, రాయల్స్. వాళ్ళు చేసే పని పేరు జట్టుకి పెట్టుకున్నారు. మనం చూడని జంతువు పేరు పెట్టుకున్నాం.

ఇప్పుడు ఆ బొగ్గు ఊరి సంగతి. మాది మణుగూరు వైపు కాబట్టి నాకు ఇది దగ్గరగా అనిపించింది. లజారెవాట్స్ చుట్టూ కొలుబరా ఓపెన్‌కాస్ట్ గనులు. సెర్బియా కరెంటులో సగం దాకా ఆ బొగ్గు మీదే నడుస్తది. 2014 మే నెలలో వరదలొచ్చి ఆ గనులు చెరువులయ్యాయి. ఆ ఊరి క్లబ్బు పేరు కూడా కొలుబరానే. నెమాన్యా మాటిచ్ పేరు మీలో ఫుట్‌బాల్ చూసేవాళ్ళకి తెలిసే ఉంటది. చెల్సీ, మాంచెస్టర్ యునైటెడ్‌లకి ఆడాడు, ప్రీమియర్ లీగ్ గెలిచాడు. అతనిది వ్రేలో అనే పల్లె, ఉబ్ అనే చిన్న పట్నం దగ్గర. అక్కడ వాళ్ళ నాన్నే కోచ్. రెడ్ స్టార్, పార్టిజాన్ రెండు చోట్లా కుర్రాళ్ళ జట్లలో ఉన్నాడు, నిలవలేదు. 17 ఏళ్ళప్పుడు వచ్చి పడింది ఈ కొలుబరాలో, అప్పటికి మూడో మెట్టులో ఉన్న జట్టు. రెండేళ్ళు అక్కడ మగవాళ్ళతో ఆడాడు. 2007లో స్లొవేకియాలో కోషిత్సె, 2009లో చెల్సీ.

ఈ కథని మోటివేషన్ వీడియో లాగా చెప్పేవాళ్ళు "పట్టుదల ఉంటే చాలు" అంటారు. నేను ఒప్పుకోను. పట్టుదల మన గూడేల్లో బస్తాలకొద్దీ ఉంది. రెండు పెద్ద క్లబ్బుల్లో నిలవలేని పిల్లోడికి వచ్చే ఆదివారం ఆడటానికి ఒక మ్యాచ్ ఉంది, దాని తర్వాత ఇంకోటి ఉంది, అదీ అసలు సంగతి. ఆ 30 మ్యాచ్‌ల పట్టిక లేకపోతే మాటిచ్‌ని ఎవరు చూసేవాళ్ళు? ఇంకో మాట. మాటిచ్ వెళ్ళిపోయాక కూడా ఆ మెట్లు అక్కడే ఉన్నాయి. కొలుబరా 2021లో సూపర్ లీగాకి ఎక్కింది, రెండేళ్ళుండి దిగింది. ఉబ్ పట్నం జట్టు యెదీన్‌స్త్వో 2024లో ఎక్కింది, ఒక్క ఏడాదికే దిగింది. దిగినా జట్టు ఉంది.

దిగడం గురించి చెప్పాలంటే ఓఎఫ్‌కే బెల్‌గ్రేడ్ గురించి చెప్పాలి. 1911లో పుట్టిన క్లబ్బు. యుగోస్లావియా ఉన్నప్పుడు ఐదుసార్లు దేశం ఛాంపియన్. 1963లో యూరప్ కప్ విన్నర్స్ కప్ సెమీఫైనల్ దాకా పోయి టోటెన్‌హామ్ చేతిలో ఓడింది. అంత పెద్ద జట్టు 2016లో సూపర్ లీగా నుంచి పడింది, మరుసటేడే రెండో మెట్టు నుంచి కూడా పడింది. మూడో మెట్టులో ఆరు సీజన్లు చిన్న చిన్న గ్రౌండ్లకి పోయి ఆడింది. మూసెయ్యలేదు, ఊరు మారలేదు, పేరు మారలేదు. ఆ రోజుల్లో కూడా కరబుర్మాలో అదే గ్రౌండ్. 2023లో ఒక మెట్టు, 2024లో ఇంకో మెట్టు ఎక్కి మళ్ళీ పైకొచ్చింది.

మన దగ్గర చూడండి. హైదరాబాద్ ఎఫ్‌సీ 2019లో పుణె జట్టు పోయిన చోటులో పుట్టింది. 2022 మార్చిలో ఐఎస్‌ఎల్ గెలిచింది. ఫైనల్లో ఓడిన కేరళ బ్లాస్టర్స్ కోచ్ ఇవాన్ వుకొమనోవిచ్ సెర్బియా మనిషే. ఆ రాత్రి మా హాస్టల్‌లో నలుగురమే అరిచాం, వార్డెన్ సార్ వచ్చి తిట్టారు. 2025 వచ్చేసరికి ఆ జట్టుని ఢిల్లీకి తీసుకుపోయారు. కిరాయి ఇల్లు ఖాళీ చేసినట్టు. 2022లో కప్పు గెలిచిన ఊరికి ఐఎస్‌ఎల్ జట్టు లేకుండా పోయింది. ఐఎస్‌ఎల్‌లో ఆఖరి స్థానం వచ్చినా కిందికి పడేది లేకుండానే ఇన్నేళ్ళు నడిపారు. పడటం లేని చోట పైకి రావడం కూడా మెట్ల మీద ఉండదు, డబ్బు మీద ఉంటది.

ఇంకో పాత లెక్క. 1952 హెల్సింకి ఒలింపిక్స్‌లో యుగోస్లావియా మన దేశాన్ని 10–1తో కొట్టింది. 1956 మెల్‌బోర్న్‌లో సెమీఫైనల్లో మళ్ళీ వాళ్ళే ఎదురయ్యారు. ముందు గోల్ మనదే, చివరికి 4–1తో ఓడాం. ఆ జట్టు కోచ్ మన హైదరాబాద్ రహీం సాబ్. తర్వాత ఆ యుగోస్లావియా ముక్కలైపోయింది, యుద్ధాలొచ్చాయి. 1999లో నాటో బాంబులు పడుతుంటే సీజన్ మధ్యలో ఆపేశారు. తర్వాతి సీజన్ మళ్ళీ మొదలుపెట్టారు. మన దగ్గర బాంబులేం పడలేదు. మరి మన హైదరాబాద్ ఫుట్‌బాల్ ఏమయింది?

అక్కడ అంతా బంగారం అని నేననను. కింది లీగుల్లో మ్యాచ్ ఫిక్సింగ్ ఆరోపణలు కొత్త కాదు, జీతాలు నెలలు నెలలు ఆలస్యమైన క్లబ్బులున్నాయి. పల్లెలు ఖాళీ అవుతున్నాయి. 2011కి 2022కి మధ్య ఐదు లక్షల పైన జనం తగ్గారు. కుర్రాళ్ళు జర్మనీ, ఆస్ట్రియా పోతే పదకొండు మందిని ఎక్కణ్ణుంచి తేవాలి? డబ్బున్నోడి జట్టు అక్కడా ముందుకు పోతది. బాచ్కా తొపొలా అని హంగేరియన్ మాట్లాడేవాళ్ళు ఎక్కువున్న చిన్న పట్నం. ఆ ఊరి టీఎస్‌సీ క్లబ్బుకి హంగేరి ప్రభుత్వం సాయం చేసింది, కొత్త స్టేడియం వచ్చింది. 2019లో సూపర్ లీగాకి ఎక్కి, 2022–23లో రెండో స్థానం. ఆ తర్వాత యూరోపా లీగ్‌లో వెస్ట్ హామ్‌తో ఆడింది. ఇది డబ్బు మహిమే, కాదనను. కానీ ఎంత డబ్బున్నా కింద నుంచి ఒక్కో మెట్టూ గెలిచే రావాల్సి వచ్చింది. (ఆ వొయ్‌వొదీనాలో ఆరు భాషలు అధికార భాషలు. మా కోయ భాషకి బస్సు బోర్డు మీద కూడా చోటు లేదు. అది ఇంకో పోస్టు.)

ఇక మన సంగతి. మన ఏజెన్సీలో ఆట అంటే టోర్నమెంట్. సంక్రాంతికి మూడు రోజులు. ఎంట్రీ ఫీజు కట్టి, ట్రాక్టర్ మాట్లాడుకుని, ఇరవై కిలోమీటర్లు పోయి, మొదటి మ్యాచ్ ఓడిపోతే నలభై నిమిషాల్లో ఏడాది అయిపోద్ది. మైకులో నాయకుడి పేరు మాత్రం మూడు రోజులూ వినపడుద్ది. సెలక్షన్లూ అంతే. నాతో చదివిన ఒక తమ్ముడు రాష్ట్ర స్థాయి సెలక్షన్ రోజు మలేరియా జ్వరంతో పరిగెత్తాడు. అది అయిపోయింది, మళ్ళీ పిలవలేదు. ఇప్పుడు వాడు గుంటూరు మిర్చి యార్డులో ఉన్నాడు. మనకి అన్నీ ఒక్క ఛాన్సే. గురుకులం సీటు, ఈఏపీసెట్, కానిస్టేబుల్ 1600 మీటర్లు. ఇంటి నుంచి మొదట కాలేజీకి వచ్చినోళ్ళకి ఆ ఒక్క రోజు అంటే ఎట్లా ఉంటదో వేరే చెప్పాలా? కనీసం ఆటలోనన్నా రెండో ఆదివారం ఉండాలని అడుగుతున్నా.

"మనవాళ్ళలో కూడా పైకి పోయినోళ్ళున్నారు కదా" అంటారు. ఉన్నారు. తండా, గూడెం తేడా పక్కన పెడితే నిజామాబాద్ జిల్లా నుంచి గుగులోత్ సౌమ్య మనందరి గర్వం. 2022లో క్రొయేషియాలోని డైనమో జాగ్రెబ్ మహిళల జట్టుకి పోయింది, సెర్బియా పక్క దేశమే. కానీ ఒక సౌమ్యని చూపించి వ్యవస్థ బాగుందంటే ఎట్లా? ఆమె వెనక ఆగిపోయిన ఆడపిల్లలకి ఆదివారం ఎక్కడ ఆడాలో ఎవరన్నా చెప్పండి.

నేను ఒక నోటుబుక్‌లో పట్టిక వేశా. ఫుట్‌బాల్ కాకపోతే వాలీబాల్, మనకి నెట్టూ స్తంభాలూ ప్రతి గూడెంలో ఉన్నాయి. మండలంలో ఎనిమిది జట్లు, ప్రతి జట్టూ మిగతా ఏడింటితో రెండుసార్లు, మొత్తం 14 ఆదివారాలు. ఎంట్రీ ఫీజు లేదు, ప్రైజుకి మేక లేదు, ముఖ్య అతిథి లేడు. ఎవరి ఊరికొస్తే వాళ్ళు మంచినీళ్ళూ అన్నం చూసుకోవాలి. దసరా సెలవుల తర్వాత మొదలుపెడితే పత్తి తీతల్లో ఆదివారం దొరకదు, నాన్నలు ఒప్పుకోరు. జనవరి రెండో వారం మొదలుపెడితే మిర్చి కోతల్లో కొంచెం ఇబ్బంది, సాయంత్రం నాలుగింటికి పెడితే నడుస్తది. ఏప్రిల్ మధ్యకి అయిపోద్ది, తునికాకు మొదలయ్యే ముందు. ఇప్పటికి నాలుగు ఊళ్ళ వాళ్ళు సరే అన్నారు. పినపాక, కరకగూడెం వైపు వాళ్ళెవరన్నా ఉంటే మీ ఊరి పేరు, కెప్టెన్ పేరు చెప్పండి. ఆడపిల్లల జట్టు ఉంటే ముందు చెప్పండి, వాళ్ళకి వేరే పట్టిక వెయ్యాలి.