రిటైరయ్యాక చూద్దామా?

ఉయ్యూరు దగ్గర మా ఊళ్ళో తాతయ్య ఇల్లు పడగొట్టే ముందు అమ్మ ఫోన్ చేసింది. "ఒరేయ్, బీరువా నిండా మీ తాతయ్య పుస్తకాలున్నాయి, ఏం చెయ్యమంటావ్?" అని. నేనేదో రిలీజు హడావుడిలో ఉన్నా. "పాత పేపర్లవాడికి ఇచ్చెయ్యమ్మా" అన్నా, అంతే.

మొన్న సంక్రాంతికి వెళ్తే మా బాబాయి చల్లగా చెప్పాడు, అందులో ఊరి గ్రంథాలయ సంఘం మినిట్స్ పుస్తకం కూడా ఉందని. తాతయ్య దానికి కార్యదర్శిగా చేశారట. ఎవరెంత చందా ఇచ్చారు, ఏ పుస్తకానికి ఎవరు అడ్డం చెప్పారు, అన్నీ అందులోనే ఉండేవట. కిలోల లెక్కన పోయింది.

ఆ గిల్టుతోనే ఈ సంఘాల గురించి చదవడం మొదలెట్టా. చరిత్ర, వారసత్వం అంటే నా బుర్రలో ఉన్న బొమ్మ ఒకటే: రిటైరైన పెద్దమనుషులు, శాలువాలు, వక్తలకంటే తక్కువమంది శ్రోతలు :-) తీరా చూస్తే కథ వేరు.

1914 ఏప్రిల్ 10న బెజవాడ రామమోహన గ్రంథాలయంలో ఆంధ్రదేశపు గ్రంథాలయాల వాళ్ళంతా కలిసి ఒక సంఘం పెట్టుకున్నారు. దానికోసం కాళ్ళరిగేలా తిరిగిన అయ్యంకి వెంకటరమణయ్యకి అప్పటికి పాతికేళ్ళు లేవు. మన లెక్కలో ఫ్రెషర్! పెనుగంచిప్రోలులో పుట్టిన కొమర్రాజు లక్ష్మణరావుదీ అదే వయసు, 1901లో హైదరాబాదులో మరి కొందరితో కలిసి శ్రీకృష్ణదేవరాయ ఆంధ్రభాషా నిలయం పెట్టేనాటికి. విజ్ఞాన చంద్రికా మండలి (1906) నాటికి ఆయనకి 29. చిలుకూరి వీరభద్రరావు గారి 'ఆంధ్రుల చరిత్రము' అచ్చు వేసింది ఆ మండలే.

నాకు బాగా తగిలింది మాత్రం పాతూరి నాగభూషణం గారి సంగతి. 1935లో పెదవడ్లపూడి, కొల్లిపరల మధ్య కాలువలో నడిచే పడవలో లైబ్రరీ పెట్టారు. గంటలకొద్దీ పడవలో కూర్చునే జనం ఊరికే ఎందుకుండాలి, చదువుకుంటారు కదా అని. అప్పుడాయనకి 28. నా వయసే. నేనేమో క్యాబ్‌లో కూర్చుని రీల్స్ చూస్తున్నా.

బెజవాడ వెళ్ళిన ప్రతివాడూ ప్రకాశం బ్యారేజీ మీద ఫోటో దిగుతాడు. పటమటలో సర్వోత్తమ గ్రంథాలయం ఎక్కడో చెప్పమనండి చూద్దాం. (నేనూ చెప్పలేకపోయేవాణ్ణే.)

"స్కాన్ చేసి పడేస్తే సరి" అంటాడు మా టీమ్‌మేటు. నేనూ అలాగే అనుకునేవాణ్ణి. డిజిటల్ లైబ్రరీ ఆఫ్ ఇండియా లక్షల పుస్తకాలు స్కాన్ చేసింది. తర్వాత ఆ సైటే మూతపడింది. ఇంటర్నెట్ ఆర్కైవ్‌లోకి కాపీలు చేరబట్టి చాలావరకు బతికాయి గానీ, ఆ ఇంగ్లీషు అక్షరాల తప్పుల తడక పేర్లతో కావలసిన తెలుగు పుస్తకం వెతికిన వాళ్ళకి తెలుసు ఆ బాధ. పేజీలు ఎగిరిపోయినవీ ఉంటాయి. బ్యాకప్ ఉన్నంత మాత్రాన సరిపోదని మనకి వేరే చెప్పాలా? రిస్టోర్ చేసి చూసేవాడు ఒకడుండాలి.

పైగా అచ్చయిన పుస్తకానికి ఇంకెక్కడో ఇంకో ప్రతి ఉండొచ్చు. మినిట్స్ పుస్తకానికి ఉండదు. అదేమిటో, ఎందుకు దాచాలో ఆ ఊరివాడికి తప్ప ఇంకెవరికీ తెలియదు. అందుకే నా గోల, ఇలాంటి సంఘాలకి మనం పంపే వెయ్యి నూటపదహార్లు చాలవు అని. డబ్బులు పంపడం మనకి చాలా తేలిక, ఫోన్ తీస్తే అయిపోతుంది. వాళ్ళకి కావలసింది ఆదివారం వచ్చి కూర్చుని, చెదలు పట్టిన రిజిస్టరు దులిపి, ఒక్కో పేరూ ఎక్సెల్‌లో ఎక్కించే మనిషి. "రిటైరయ్యాక చేస్తా" అంటాం. అప్పటిదాకా ఆ కాగితం ఆగొద్దూ?

ఊరి లైబ్రరీ అటక మీద ఇంకో రెండు రిజిస్టర్లు ఉన్నాయని బాబాయి అన్నాడు. ఎలకలు ముట్టుకోలేదట. వచ్చే శుక్రవారం సెలవు పెట్టా. కారణం దగ్గర "ఊళ్ళో పని" అని రాశా. మేనేజరు పొలం గొడవ అనుకున్నట్టున్నాడు, ఆల్ ది బెస్ట్ చెప్పాడు.