సొసైటీ ఉద్యోగుల తగాదా మనకు పరాయిది కాదు

సొసైటీలో ఫలానా గుమాస్తాను తీసేశారనో, సిబ్బంది సమ్మెకు దిగారనో వింటే ‘అది వాళ్ల గొడవ, మనకెందుకు’ అనుకునే రైతులే ఎక్కువ. కానీ సొసైటీకి తాళం పడితే దెబ్బ తగిలేది ఎవరికి? సీతారామపురం, వరికుంటపాడు, మర్రిపాడు వంటి మెట్ట మండలాల్లో వాన పడిన నాలుగు రోజుల్లోనే విత్తనం పడాలి. ఆ సమయంలో సొసైటీలో ఎరువు దొరక్కపోతే బయట వ్యాపారి చెప్పిందే ధర. పంట రుణం గడువులోగా కట్టించుకునే మనిషి లేకపోతే, సకాలంలో చెల్లించినవారికి వచ్చే 3 శాతం వడ్డీ రాయితీ పోతుంది. తాకట్టు పెట్టిన బంగారం విడిపించుకోవడానికీ తిరగాల్సిందే.

ఈ తగాదాలు ఇంతకాలం ఎందుకు నలుగుతున్నాయి? చట్టంలోనే ఖాళీ ఉంది. 1964 సహకార సంఘాల చట్టం 61వ సెక్షన్ కింద సంఘం వ్యవహారాలపై వివాదాలను రిజిస్ట్రార్ తేలుస్తారు. కానీ ఉద్యోగిపై తీసుకున్న క్రమశిక్షణ చర్యను ఆ సెక్షనే మినహాయించింది. జీతభత్యాలు, సర్వీసు షరతులు కూడా దాని కిందికి రావని, వాటిని పారిశ్రామిక ట్రిబ్యునల్ విచారించవచ్చని మన రాష్ట్ర సహకార కేంద్ర బ్యాంకుల కేసులో సుప్రీంకోర్టు 1969లోనే చెప్పింది. గుమాస్తా, అటెండర్ లేబర్ కోర్టుకు పోగలరు. అజమాయిషీ చేసే సీఈవో కార్మికుడి నిర్వచనంలోకి వస్తాడా రాడా అన్నదే ఒక వ్యాజ్యం. హైకోర్టులో రిట్ వేద్దామంటే, సొసైటీ బైలాలకు చట్టానికి ఉన్న బలం లేదనీ, చట్టాన్ని మీరినప్పుడే జోక్యం ఉంటుందనీ కోనసీమ సహకార కేంద్ర బ్యాంకు కేసులో ఫుల్ బెంచ్ 1990లో తీర్పిచ్చింది.

ఇలా కోర్టుల చుట్టూ తిరగడంలో ఏళ్లు గడుస్తాయి. అక్రమాలు చేసినవాడు కేసు పేరు చెప్పి కాలం గడుపుతాడు. పాలకవర్గం చెప్పినచోట సంతకం పెట్టనన్న నిజాయితీపరుడు ఇంటికి పోతాడు. రెండు విధాలా నష్టపోయేది సభ్యులే.

2013 తర్వాత సొసైటీలకు ఎన్నికలు లేవు. ప్రభుత్వం నామినేట్ చేసిన కమిటీలే నడుపుతున్నాయి. ప్రభుత్వం మారితే కమిటీ మారుతుంది. కమిటీ మారితే సిబ్బందికి గండం. ఉద్యోగుల సేవా నిబంధనలపై 2019లో వచ్చిన జీవో 36ను పూర్తిగా అమలు చేయాలని సిబ్బంది ఏళ్లుగా అడుగుతూనే ఉన్నారు.

జీతాలు పెంచితే ఆ భారం మన మీదే పడుతుందని కొందరు రైతుల భయం. అది కొట్టిపారేయాల్సింది కాదు. సిబ్బంది జీతభత్యాలు నిర్వహణ మూలధనంలో 2 శాతం, స్థూల లాభంలో 30 శాతం, ఈ రెండింటిలో ఏది తక్కువో దాన్ని మించరాదని చట్టం 116-సి సెక్షన్‌లో ఉంది. వ్యాపారం పెరగని సొసైటీలో జీతం పెరగదు. కాబట్టి నిలకడైన, నమ్మకమైన సిబ్బంది, బాగా నడిచే సొసైటీ ఒకదానికొకటి ఆధారం. ఈ లెక్క మహాజన సభ ముందు పెడితే సగం అనుమానాలు అక్కడే తీరతాయి.

మన సంఘం అడగాల్సినవి ఇవి. డబ్బు తిన్న కేసును, ఉద్యోగ తగాదాను కలపకూడదు. సొమ్ము పోతే 51వ సెక్షన్ కింద విచారణ జరిపి, 60వ సెక్షన్ కింద సర్‌ఛార్జీ వేసి రాబట్టాలి. ఉద్యోగ తగాదాలకు సహకార శాఖ, కార్మిక శాఖ, రైతు ప్రతినిధులతో జిల్లా స్థాయి బోర్డు ఉండాలి. అది నెలకోసారి ఆత్మకూరులో, ఉదయగిరిలో కూర్చోవాలి. ఆరోపణ రాతపూర్వకంగా ఉండాలి. బయటి అధికారి 90 రోజుల్లో విచారణ ముగించాలి. సస్పెన్షన్‌లో ఉన్నవారికి జీవనభృతి ఇవ్వాలి. ఎవరిని పక్కనబెట్టినా మూడు రోజుల్లో నగదు, ఎరువుల స్టాకు, రుణ ఖాతాలు, తాకట్టు బంగారం రాతపూర్వకంగా మరొకరికి అప్పగించాలి. అన్నిటికీ మించి ఎన్నికలు జరపాలి.

రైతులుగా మన వంతు కూడా ఉంది. కట్టిన ప్రతి రూపాయికీ రసీదు తీసుకుందాం. ఖాతా నిల్వ ఏటా సరిచూసుకుందాం. మహాజన సభకు వెళ్లి, ఎవరిని ఎందుకు తీసేశారో, ఎవరిని ఎలా పెట్టుకున్నారో నిలదీసి అడుగుదాం. వాటాధనం మనది, అడిగే హక్కూ మనదే.