అఱచేతిలోని ఖడ్గయుద్ధము

బాలురు తీఱిక వేళలందు ఏ యాట లాడుదురో, ఏ కథలను మెచ్చుకొందురో తెలిసికొనక వారికి బోధచేయ బూనుట, నాడి చూడక మందిచ్చుట వంటిది. నేడు మన విద్యార్థులలో కొందఱి చేతులలో చిన్న ఆటయంత్రములు కానవచ్చుచున్నవి. జపానుదేశపు బొమ్మలకథలపై కట్టిన కత్తియుద్ధపు టాటలయందు వారికి మిక్కిలి మక్కువ. ఈ విషయమున పెద్దలలో రెండు పక్షము లేర్పడినవి. "అవి చదువును చెఱచును, తీసి దాచివేయుడు" అని యొక పక్షము. "కాలము మాఱినది, ఆడనిండు" అని మఱియొక పక్షము. ఇరుపక్షములవారును ఆ తెరను నిదానముగా చూచుట అరుదు. మేము ఈ రెంటిలో దేనిని గాని అంగీకరింపజాలము. కావున ఒక్క యాటను ప్రత్యేకముగా దీసికొని, దాని నాడిచూచి, మా యభిప్రాయమును పాఠకుల యెదుట నుంచుచున్నాము.

మొదట యంత్రమును గుఱించి రెండు మాటలు. జపానులోని క్యోటో నగరమున 1889 లో పూలబొమ్మల పేకముక్కలు చేయుటకై స్థాపింపబడిన నింటెండో సంస్థయే 1980 లో 'గేమ్ అండ్ వాచ్' అను జేబుయాటను, 1989 లో 'గేమ్ బాయ్'ను, 2017 లో 'స్విచ్'ను వెలువరించినది. రైలుబండిలో నొక ఉద్యోగి ప్రొద్దుపోక తన లెక్కలయంత్రపు మీటలు నొక్కుకొనుచుండగా చూచి, ఆ సంస్థలో పనిచేయు యొకోయి గుంపేయికి ఈ జేబుయాట తోచెనని చెప్పుదురు. అనగా చేతియాట మొదటినుండియు ఊరక గడచు క్షణములను నింపుటకు పుట్టినది. ఈ సంగతి జ్ఞప్తియందుంచుకొనినచో, దానికి మన దినచర్యలో నీయవలసిన చోటెంతయో తేటపడును. కాలపు సందులను పూడ్చుటకు వచ్చినది కాలమంతటిని ఆక్రమింపరాదు.

మేము తీసికొనిన యాట 'డీమన్ స్లేయర్: ది హినోకామి క్రానికల్స్' అనునది. దీనికి మూలము గొతోగె కొయొహారు రచించిన బొమ్మలకథ. అది 2016 మొదలు 2020 వఱకు 'షోనెన్ జంప్' అను జపాను వారపత్రికలో ప్రకటింపబడి 23 సంపుటములైనది. 2019 లో యూఫోటేబుల్ అను చిత్రశాలవారు దానిని ఆనిమేగా, అనగా కదలెడు బొమ్మల చిత్రముగా చేసిరి. 2021 లో ఫుకుఓకా నగరములోని సైబర్ కనెక్ట్ టూ వారు దానిని ఆటగా రూపొందింపగా, మఱుసటి సంవత్సరము అది స్విచ్ యంత్రమునకు వచ్చినది. ఈ కథలోని దగు 'ఇన్ఫినిటీ కాసిల్' అను చలనచిత్రము 2025 సెప్టెంబరులో తెలుగు పలుకులతో గూడ మనదేశమున ప్రదర్శింపబడినది. కావున దీని నాయకుడు మన పిల్లలకు పరాయివాడు కాడు, మనకే పరాయివాడు.

కథ తైషో యుగము నాటిది. అనగా 1912 – 1926 నడిమి కాలము. కొండమీద బొగ్గులమ్మి తల్లికిని తోబుట్టువులకును తోడ్పడుచుండిన తంజిరో అను బాలుడు ఒకనాడు ఇల్లు చేరునప్పటికి రాక్షసుడొకడు ఆ కుటుంబమును సంహరించి యుండెను. ప్రాణములతో మిగిలిన చెల్లెలు నెజుకో తానును రాక్షసిగా మాఱెను. ఆమెను మరల మనుష్యురాలిని చేయగోరి బాలుడు ఉరొకొదాకి అను వృద్ధగురువు నాశ్రయించెను. గురువు ఒక సంవత్సరము శిక్షణమిచ్చి, పిమ్మట నొక పెద్దబండను చూపి, దీనిని ఖడ్గముతో రెండు చేయుమని చెప్పి ఊరకుండెను. ఆఱు నెలలు గడచినను బండ చెక్కుచెదరలేదు. అంతట సబితో, మకొమో అను నిరువురు వచ్చి యతని లోపములను దిద్దిరి. మఱి యాఱు నెలలకు బండ తెగినది. రెండేండ్ల కృషి ఒక్క వ్రేటున ఫలించెను.

ఆటలో సబితోతోడి యీ పోరాటము ఆరంభముననే వచ్చును. ఏ మీట యేమి చేయునో అప్పుడప్పుడే నేర్చుకొనుచున్న బాలుడు దానిని కొలదికాలముననే ముగించి ముందునకు సాగును. తంజిరోకు రెండేండ్లు పట్టిన విజయము ఆడువానికి ఒక సాయంకాలములో లభించును. మా వాదమంతయు ఈ వ్యత్యాసముననే యున్నది. కథ సాధనను కీర్తించును. ఆట ఆ సాధనాఫలమును ముందే చేతికిచ్చును. ఈ రెంటికిని గల భేదమును బాలుడెఱిగి యున్నంతవఱకు ఆటవలన భయములేదు. ఆ భేదము మఱచిననాడు, నాయకుని శౌర్యమును తన శౌర్యమని భ్రమించును.

అయినను ఆటలో సాధన లేనే లేదనుట అన్యాయము. ఊరక కత్తి ఝళిపించువాడు ఇందు నెగ్గజాలడు. ఎదుటివాని దెబ్బను కాచుకొనుట, ప్రక్కకు తప్పుకొనుట, సరియైన క్షణమున దానిని త్రిప్పికొట్టుట నేర్వవలెను. గొప్ప విద్య నొకదానిని ప్రయోగించినప్పుడెల్ల తెరపై శక్తిని జూపు కొలత తఱుగును. ముందుగనే యంతయు వ్యయపఱచినవాడు అవసరము వచ్చునప్పటికి వట్టిచేతులతో నిలుచును. పెద్ద రాక్షసుడు దెబ్బ తీయుటకు ముందు ఒక సూచన కనబఱచును. కొట్టిన పిమ్మట కొంచెము సందిచ్చును. ఆ సందుకొఱకు వేచియుండుట చూపునకును ఓర్పునకును మంచి పరీక్ష.

ఉపాధ్యాయులు గమనింపదగిన విశేష మొకటి యిచ్చట కలదు. లెక్క ఒకమాఱు తప్పగానే పుస్తకము మూసివేయు బాలుడే, ఆటలో పదిమాఱులోడియు పదునొకండవమాఱు నవ్వుచు లేచును. వానికి పట్టుదల లేదనుట యెట్లు? ఆటలో ఓటమికి కారణము వెంటనే కంటికి కనబడును. మరల యత్నించుటకు మఱునాటి వఱకు వేచియుండనక్కఱలేదు. ఓడినవానిని జూచి తరగతి నవ్వదు. మన యెఱ్ఱసిరా గీతలు తప్పును జూపును గాని, మరల యత్నించుటకు చోటు జూపుట తక్కువ. వారము దినముల పిమ్మట చేతికివచ్చు పరీక్షపత్రమువలన బాలుడు తన మార్కు నెఱుగును. తన పొరపాటు నెఱుగుట కష్టము. ఆటను నిందించుటకు ముందు ఈ పాఠమును దానినుండి గ్రహించుట మనకు చిన్నతనము కాదు.

ఇక రెండవవైపు చూతము. బొటనవ్రేలు నేర్చినదానిని మేధస్సు తనంతట నేర్చుకొనదు. ఆటలో దెబ్బ తప్పించుకొన నేర్చినంతమాత్రమున బీజగణితము రాదు; ఒక పద్యమైనను కంఠస్థము కాదు. జీవితమున వచ్చు కష్టము ముందుగా సూచన చూపదు; ఏ మీట నొక్కవలెనో తెరమీద వ్రాసి చూపువారుండరు. ప్రతి విద్యార్థికిని తన బండ తనకు కలదు. ఒకనికి ఆంగ్లభాష, ఒకనికి గణితము, మఱియొకనికి ఇంటి పేదఱికము. దానిని నఱకుటకు నెలలు పట్టును, ఒక్కొక్కప్పుడేండ్లు పట్టును.

ఈ కథలో ఖడ్గముకంటె గొప్పది మఱియొకటి కలదు. తాను సంహరించిన రాక్షసునియెడ తంజిరోకు జాలి కలుగును. అనేక హస్తములుగల యొక రాక్షసుని తల నఱకిన పిమ్మట, నశించుచున్న వాని చేతిని తన చేతులలోనికి దీసికొని వానికొఱకు ప్రార్థించును. గెలుపు తొందరలో నిట్టి ఘట్టములను గమనింపక దాటిపోవు బాలుడు కత్తిని మాత్రము గైకొని కరుణను విడిచిపెట్టుచున్నాడు. రక్తపాతము గల యాట యగుటచే అమెరికాలోని వర్గీకరణసంస్థ దీనిని 13 ఏండ్లు నిండినవారికని నిర్ణయించినది. కావున క్రింది తరగతుల పిల్లలకిది తగదు. అన్న యాడుచుండగా తమ్ముడు భుజముమీదుగా చూచుచుండునన్న మాటను తల్లిదండ్రులు మఱువరాదు.

ఆడు ప్రతి బాలుడును వ్యసనపరుడని వెఱచుటయు తగదు. ప్రపంచ ఆరోగ్యసంస్థ 2019 లో ఆమోదించి, 2022 నుండి అమలునకు తెచ్చిన వ్యాధుల పట్టికలో ఆటల వ్యసనమునకు చోటిచ్చినమాట నిజమే. అయితే అది చూపిన లక్షణములివి: ఆటపై అదుపు తప్పుట, తక్కిన పనులన్నిటికంటె ఆటయే ముఖ్యమగుట, కీడు కలుగుచున్నను మానకుండుట, ఇవియు సాధారణముగా 12 నెలల పాటు కానవచ్చుట. ఆదివారము ఒక గంట యాడు బాలుని కీ పేరు పెట్టుట అన్యాయము. నిద్ర మాని, భోజనము మఱచి, స్నేహితులను వదలి యాడు బాలుని సంగతి ఉపేక్షించుటయు నంతకంటె అన్యాయము.

తల్లిదండ్రులకు మా మనవి యేమన, ఒకమాఱు బిడ్డ ప్రక్కన కూర్చుండి ఆ కథ చెప్పించుకొనుడు. ఎంతవఱకాడవలెనో ముందుగనే యొప్పందము చేసికొనుడు. పోరాటము నడుమ యంత్రమును లాగికొనినచో కోపము మిగులును. ఒక పోరు ముగిసినపిమ్మట ఆపుట సులభము. కాలమునకు హద్దు పెట్టు ఉపాయము యంత్రమునకు తోడైన ఫోను అనువర్తనమున నున్నది గాని, బిడ్డ యిచ్చిన మాటకు బిడ్డయే కట్టుబడుట మేలైన తాళము. రాత్రి వేళ యంత్రము పెద్దల గదిలో నుండవలెను. వసతిగృహములందు మఱియొక చిక్కు కలదు. యంత్రము వెలగలది, కొనగలవారు కొందఱే. అది గొప్పలకు సాధనమైనచో లేనివాని మనస్సు నొచ్చును. అదృష్టవశమున మొదటి స్విచ్ యంత్రమునకు ఇరుప్రక్కల నుండు పట్టుమీటలను ఊడదీసి ఇద్దఱాడవచ్చును. గలవాడు లేనివానికి రెండవ మీట నందించుటయే యీ యాటలో మేము మెచ్చుకొను మొదటి విజయము.

విద్యార్థులారా! ఆడుడు, కాని యాట ముగిసినపిమ్మట నాయకుడేమి చేసెనో యోచింపుడు. అతడు మెఱుపువలె కత్తి త్రిప్పిన క్షణములు మీకు నచ్చియుండును. ఆ క్షణములకు వెనుక, ఎవరును చూడని కొండమీద, తెగని బండ యెదుట నిలిచిన మాసములు కలవు. ఆటలో లేని యా మాసములను మీ చదువులో చేర్చుకొనుడు. యంత్రమును మూసి మీ బండయొద్దకు మరలివచ్చిన దినమున మీరా కథను నిజముగా నర్థము చేసికొనినవారగుదురు.