చీలే దారులు, నడిచే కాళ్లు

కొంతకాలంగా మన విద్యార్థి మిత్రులలో వొక కొత్త వేదాంతం చెలామణీ అవుతున్నది. కాలం వొకే గీత కాదట. ప్రతి నిర్ణయం దగ్గరా అది చెట్టుకొమ్మలా చీలుతుందట. ఇక్కడ ఓడినవాడు మరొక కాలంలో గెలిచే వుంటాడట. ఓడిన సమ్మె సంగతి ఎత్తితే, "ఎక్కడో గెలిచే వుంటుంది లెండి" అనేదాకా వచ్చింది వ్యవహారం. కర్మ సిద్ధాంతాన్ని వీధి గుమ్మంలోంచి తరిమి, పెరటి దోవన మళ్లీ లోపలికి పిలుస్తున్నామన్నమాట!

ఈ వేదాంతానికి మూలపురుషుడుగా పేరుబడ్డ చుయ్ పెన్ అసలు పుట్టనేలేదు. అర్జెంటీనా రచయిత బోర్హెస్ 1941లో ప్రచురించిన 'చీలే దారుల తోట' అనే కథలో కల్పించిన చైనా పండితుడాయన. అధికారం వదులుకొని 13 ఏళ్లు ఏకాంతంగా కూర్చుని, పాత్రలు అన్ని దారులూ వొకేసారి నడిచే నవల రాస్తాడు.

బోర్హెస్ 1976లో చిలీ నియంత పినోచే ప్రభుత్వపు సత్కారం స్వీకరించాడు గనుక ఆయన కథ చదవనక్కరలేదని కొందరు మిత్రులంటారు. ఆ సత్కారం సిగ్గుచేటే. కాని అది కథకు జవాబు కాదు. కథకు జవాబు కథలోనే వున్నది.

కథాకాలం 1916 జులై, మొదటి ప్రపంచ యుద్ధం. ఇంగ్లండులో జర్మనీ తరఫున గూఢచారిగా పనిచేస్తున్న యూ చున్ అనే చైనీయుడు, బ్రిటిష్ ఫిరంగులు ఫ్రాన్సులో ఏ పట్నంలో మోహరించి వున్నాయో బెర్లినుకు తెలపాలి. పట్నం పేరు ఆల్బర్ట్. కబురు పంపే మార్గం లేదు. ఆ పేరుగల మనిషిని చంపితే పత్రికలలో పడుతుంది, బెర్లినులో చదువుకుంటారు. అతను వెతికి పట్టుకున్న ఆల్బర్ట్, చుయ్ పెన్ నవల రహస్యాన్ని ఛేదించిన పండితుడు. చుయ్ పెన్ సాక్షాత్తూ యూ చున్ ముత్తాత. కొన్ని కాలాలలో మనం మిత్రులం, కొన్నిటిలో శత్రువులం అని ఆల్బర్ట్ ఆదరంగా వివరిస్తాడు. తర్వాత కొన్ని నిమిషాలకే యూ చున్ అతన్ని వెనకనుంచి కాల్చేస్తాడు.

ఇక్కడ ఆగి ఆలోచించండి. ఆల్బర్ట్ మరో కాలంలో హాయిగా టీ తాగుతూ వుంటే, ఈ హత్య హత్యే కాదు. మరి కథ చివర ఉరికంబం కోసం ఎదురుచూసే యూ చున్‌ను అంతులేని పశ్చాత్తాపం ఎందుకు కాల్చుకుతింటున్నది? ఆల్బర్ట్ వొక్కడే కాబట్టి. తూటా వొక్కసారే పేలింది కాబట్టి. కథలోని తత్వానికి ఎదురుసాక్ష్యం ఆ కథానాయకుడే చెబుతున్నాడు. మన మిత్రులు తత్వాన్ని మోసుకొచ్చారు, సాక్షిని అక్కడే వదిలేశారు.

కథ వెనకనున్న యుద్ధాన్ని చూడండి. 1916 జులై 1న, సోమ్ యుద్ధం మొదటి రోజున, బ్రిటిష్ సైన్యంలో 19,240 మంది చనిపోయారు. అదే సంవత్సరం నుంచి చైనా కూలీలను మిత్రరాజ్యాలు ఫ్రాన్సుకు తరలించాయి. యుద్ధం ముగిసేనాటికి వారి సంఖ్య లక్షకు పైమాటే. కందకాలు తవ్వారు, సరుకులు మోశారు. సోమ్ నది దగ్గర నొయెల్ గ్రామంలో వాళ్ల సమాధులు 800కు పైగా వున్నాయి. ఆ సమాధుల ముందు నిలబడి, "మీరు మరో కాలంలో బతికే వున్నారు" అనగలవాడెవడు?

భౌతికశాస్త్రమే ఈ మాట చెబుతోందని కొందరి వాదన. 1957లో హ్యూ ఎవరెట్ క్వాంటమ్ సిద్ధాంతానికి అటువంటి వ్యాఖ్యానం చేసిన మాట నిజం. అది సమీకరణాలకు చేసిన అనేక వ్యాఖ్యానాలలో వొకటి. దానినుంచి మనిషికి బాధ్యత లేదనే తీర్పు లాగడం శాస్త్రం కాదు, శాస్త్రం పేరిట జోస్యం.

మరి మనవాళ్లు ఎవరూ ఈ మత్తులో పడలేదా? పడ్డారు. ఫ్రెంచి విప్లవకారుడు బ్లాంకీని 1871 మార్చి 17న అరెస్టు చేశారు. మర్నాడే పారిస్ కమ్యూన్‌కు దారితీసిన తిరుగుబాటు చెలరేగింది. ఆయన్ని విడిపించడానికి తన బందీలనందరినీ వదులుతామని కమ్యూన్ బేరం పెట్టినా తియేర్ ఒప్పుకోలేదు. సముద్రం మధ్య కోటలో ఖైదీగా వుండి, 1872లో 'నక్షత్రాల ద్వారా నిత్యత్వం' అనే పుస్తకం వెలువరించాడు. మూలకాలు పరిమితం, ఆకాశం అనంతం, కనుక మన భూమికి లెక్కలేనన్ని నకళ్లున్నాయి. ఇక్కడ విడిచిన దారిలో మరో భూమి నడుస్తుంది అంటాడు. కమ్యూన్ నెత్తుటిలో మునిగిపోయాక, గోడల మధ్య వొంటరి మనిషికి అది ఓదార్పు. ఆయన్ని వెక్కిరించే హక్కు మనకు లేదు.

కాని ఆయన జీవితం ఏం చెప్పింది? 1879లో విడుదలయ్యేనాటికి 74 ఏళ్లు. జీవితంలో దాదాపు సగం కాలం జైళ్లలో గడిచింది. మరో భూమి మీద నేనెలాగూ గెలిచాను కదా అని పడక కుర్చీలో వాలాడా? మళ్లీ సభలెక్కాడు, పత్రిక పెట్టాడు, 1881 జనవరి 1న చనిపోయేదాకా ఆగలేదు. బ్లాంకీ పుస్తకానికి ఖండన బ్లాంకీ బతుకే.

ఇటువైపు పొరపాటు కూడా చెప్పాలి. చరిత్ర రైలుపట్టా వంటిది, సోషలిజం స్టేషను వచ్చి తీరుతుంది అని చెప్పిన పెద్దలు మనలోనే వున్నారు. వారు చీలికనే కాదన్నారు. వీరు చీలిన ప్రతి దారీ నడిచినట్టే అంటున్నారు. ఇద్దరి దగ్గరా మనిషికి పని లేదు.

చీలిక నిజం. నిర్ణయం ముందు దారులు రెండూ తెరిచే వుంటాయి. అడుగు పడ్డాక వొకటి మూసుకుపోతుంది. అందుకే అడుగుకు అంత బరువు, ఓటమికి అంత నొప్పి. ఆ నొప్పిని వేరే కాలానికి బదిలీ చేసేవాడు దానినుంచి ఏమీ నేర్చుకోడు. మనకున్నది ఈ వొక్క కాలం. ఇందులోనే ఓడాం, గెలిస్తే ఇందులోనే గెలవాలి.